తోడు రోజు

మా అత్తయ్యకి లేచిన దారం కనిపిస్తే చెయ్యి ఊరుకోదు. అది ఎవరి బట్ట మీదైనా సరే. ఒకసారి కళ్ల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లాను. ఆయన టార్చి వేసి ఈవిడ కంట్లోకి చూస్తుంటే, ఈవిడ ఆయన కోటు చేతి మీది దారం పీకుతూ కూర్చుంది. "కదలకండమ్మా" అని ఆయన విసుక్కుంటే, "మీరు కదలకండి బాబూ, వచ్చేస్తోంది" అంది. నేను సిగ్గుతో చచ్చిపోయాను.

ఇది ముందే ఎందుకు చెబుతున్నానంటే, నాకు ఆ రోజు ఏది నిజమో తెలియకుండా పోయింది ఈ పాడు అలవాటు వల్లే. ఇప్పటికీ తలుచుకుంటే బుర్ర తిరిగిపోతుంది. మీకు అర్థమయ్యేలా చెప్పడానికి చూస్తాను. మధ్యలో అడ్డం రాకండి, అసలే నాకు ముక్కు మీద కోపం.

మా ఊళ్లో తోడు రోజులు వస్తున్న సంగతి మీరు వినే ఉంటారు. పడుకుంటాం. పొద్దున్నే లేస్తాం, మొహం కడుక్కుంటాం, షాపు తెరుస్తాం, కత్తిరిస్తాం, కుడతాం, తింటాం, ఒకళ్లనొకళ్లు తిట్టుకుంటాం, మళ్లీ పడుకుంటాం. లేచి చూస్తే ఏముంది, కుట్టిన బట్ట కుట్టినట్టు ఉండదు. ఆ గడిచిన రోజంతా నిద్రలో వచ్చిందన్నమాట. కల అంటే నమ్మబుద్ధి కాదు. ఎగరడాలూ, గోడల్లోంచి నడవడాలూ ఏమీ ఉండవు. నడుం నొప్పి కూడా ఉన్నది ఉన్నట్టే ఉంటుంది. అసలు రోజుకి తోడుగా వస్తుంది కాబట్టి తోడు రోజు అన్నారు ఎవరో, ఆ పేరే నిలిచిపోయింది. పోనీ ఒక పద్ధతిగా వస్తుందా అంటే అదీ లేదు. ఒక్కోసారి రోజు విడిచి రోజు వస్తుంది, ఒక్కోసారి రెండు తోడు రోజులు వరసగా వచ్చి పడతాయి.

టీవీలో ఒక పెద్ద డాక్టరు దీన్ని వివరించడానికి వచ్చాడు. సగంలో ఆగిపోయి, "ఈ ప్రోగ్రాం మనం నిన్న చేసేశాం కదా?" అని యాంకరమ్మని అడిగాడు. ఇక మాబోటి వాళ్లకేం అర్థమవుతుంది?

మాది ఆల్టరేషన్ షాపు. షాపు వెనకే ఇల్లు. నేనూ అత్తయ్యా కుడతాం, మా ఆయన బస్సు నడుపుతాడు. తోడు రోజులు మొదలయ్యాక మా షాపుకి రోజూ ఎవరో ఒకరు ఇవ్వని బట్టల కోసం రావడం మొదలుపెట్టారు. టీచరమ్మ వచ్చి "నా గౌను అయిందా?" అంటుంది. "ఏ గౌను?" అంటాను. "నీ చేతికే ఇచ్చాను, టేపు పెట్టి కొలిచావు కూడా!" అని నా మీదికి లేస్తుంది. తీరా ఇంటికి వెళ్లి చూసుకుంటే గౌను ఆవిడ బీరువాలోనే ఉంటుంది. నేను మాత్రం తక్కువ తిన్నానా? ఒకాయన ప్యాంటు పొట్టి చేసి ఇచ్చేశాననుకుని, ఆయన అడిగితే ఆయన్నే దబాయించాను. ప్యాంటు నా బుట్టలోనే ఉంది.

మా ఆయన గొడవ ఇంకొకటి. "నిద్రలో కూడా ట్రిప్పులు వేస్తున్నాను, దానికి ఓవర్ టైము ఎవడిస్తాడు?" అంటాడు. వాళ్ల డిపోలో బోర్డు కూడా పెట్టారు: 'తోడు రోజు అనుకుని ఎర్ర లైటు దాటినవారిపై చర్య తీసుకోబడును.' నవ్వకండి. దాటినవాళ్లున్నారు కాబట్టే పెట్టారు.

ఊళ్లో ఒక మర్యాద కూడా ఏర్పడింది. తోడు రోజులో ఎదుటి మనిషి ఏం చేసినా వాళ్లతో చెప్పకూడదు. పక్కనున్న మెడికల్ షాపాయన తన తోడు రోజులో పెళ్లాం తన మీద వేడినీళ్లు పోసిందని ఆవిడతో చెప్పాడు. "నేనా పోసింది?" అని ఆవిడ, "నువ్వు కాకపోతే ఎవరు?" అని ఈయన. ఆఖరికి ఆవిడ నిజంగానే పోసింది. అప్పట్నించీ ఎవరి తోడు రోజు వాళ్ల కడుపులోనే.

చావు జరిగిన ఇంట్లో కూడా జనం గట్టిగా ఏడవడం మానేశారు. లేచి చూస్తే మనిషి ఉండొచ్చు కదా.

ఈ అయోమయం భరించలేక నేనొక ఉపాయం కనిపెట్టాను. పొద్దున లేవగానే, మిషను మీద ఏ రంగు దారం ఉంటే ఆ రంగుతో నా ఏప్రన్ అంచున ఒక కచ్చా కుట్టు వేస్తాను. అంటే పైపైన వేసే కుట్టు, లాగితే వచ్చేస్తుంది. మర్నాడు లేచాక అది ఉందా, నిన్నటి రోజు నిజంగా జరిగినట్టు. లేదా, నిన్నటిది తోడు రోజు. ఇవాళ్టి సంగతి మాత్రం అది చెప్పదు, నిన్నటి సంగతే చెబుతుంది. ఆ మాత్రమైనా చాలు అనుకున్నాను.

అత్తయ్యకి ఆ ఏప్రన్ చూస్తే ఒళ్లు మంట. పూర్తయిన బట్టకి కచ్చా కుట్లు వదిలెయ్యడమంటే ఆవిడ దృష్టిలో మొహం కడుక్కోకుండా వీధిలోకి రావడమే. "రంగురంగుల దారాలు వేలాడేసుకుని ఏమిటే ఆ అవతారం? నలుగురూ చూస్తే నవ్విపోతారు" అనేది.

"మీరు నా ఏప్రన్ జోలికి రాకండి అత్తయ్యా. నా మీద ఒట్టు."

"సరేలేవే. నీ ఏప్రన్, నీ ఖర్మ."

ఒట్టు నిలబెట్టుకుంది కూడా. నా అంచు వంక చూసినప్పుడల్లా వేళ్లు నలుపుకునేది తప్ప ముట్టుకోలేదు. నాకు నమ్మకం కుదిరింది.

ఆ రోజు మిషను మీద స్కూలు యూనిఫారాలున్నాయి, ఆకుపచ్చ లంగాలు. కాబట్టి ఆకుపచ్చ దారంతో కుట్టు వేశాను. పొద్దుటంతా ఇస్త్రీ బల్ల దగ్గరే నిలబడ్డాను. మధ్యలో ఎవరో ఏప్రన్ లాగినట్టనిపించి వెనక్కి తిరిగితే, అత్తయ్య తన మిషను ముందు బుద్ధిగా కూర్చుని సూదిలో దారం ఎక్కిస్తోంది. బల్ల మేకుకి తగులుకుందేమో అనుకున్నాను.

బ్యాంకు మేనేజరు కోటొకటి వచ్చింది. లోపలి లైనింగ్ చీలికలైపోయింది, మొత్తం మార్చాలి. బూడిద రంగు లైనింగ్ పై అరలో ఉంది. భోజనాలయ్యాక నేను గుండీల కోసం వీధి చివరి దాకా వెళ్లాను. తిరిగొచ్చేసరికి స్టూలు పక్కకి పడి ఉంది. అత్తయ్య నేల మీద ఉంది. లైనింగ్ చుట్ట విడిపోయి ఆవిడ మీంచి గుమ్మం దాకా పరుచుకుంది.

"అత్తయ్యా! అత్తయ్యా!" అని కుదిపాను. ఉలుకూ లేదు, పలుకూ లేదు. మెడికల్ షాపాయన పరిగెత్తుకొచ్చాడు. ఆటోలో ఆవిడ తల నా ఒళ్లో పెట్టుకున్నాను. ఆస్పత్రిలో డాక్టరు చెయ్యి పట్టుకు చూసి, తల అడ్డంగా ఊపాడు. మా ఆయన డిపో నుంచి యూనిఫారంతోనే వచ్చి, చిన్నపిల్లాడిలా "అమ్మా" అని గోడకి ఆనుకుని కూలబడ్డాడు. నర్సు నా భుజం తట్టి, "ఏడవకండమ్మా. ముందు ఇంటికెళ్లి పడుకుని లేవండి" అంది. అందరూ అదే మాట. మనిషిని పొద్దున అప్పగిస్తామన్నారు.

ఇంటికొచ్చాం. 'ఇది తోడు రోజే, దేవుడా, ఇది తోడు రోజే' అనుకుంటూ పడుకున్నాను. ఎప్పుడు కన్ను మూతపడిందో తెలియదు.

మిషను చప్పుడుకి మెలకువ వచ్చింది.

ఒక్క గంతులో మంచం దిగాను. మేకుకి ఉన్న ఏప్రన్ లాక్కుని అంచు చూశాను. ఆకుపచ్చ కుట్టు లేదు. ఈ చివరి నుంచి ఆ చివరి దాకా వేలితో తడిమాను. లేదు! అంటే నిన్నటిదంతా ఉత్తిదే. పడిపోలేదు, ఆటో లేదు, ఆస్పత్రి లేదు. షాపులోకి పరిగెత్తాను. అత్తయ్య కళ్లజోడు ముక్కు చివరికి జార్చుకుని యూనిఫారం లంగా మడత కుడుతోంది.

"ఏమే, జుట్టు విరబోసుకుని ఆ పరుగేమిటి? ఇల్లేమైనా తగలబడిందా?"

ఆ తిట్టు ఎంత తియ్యగా ఉందో ఏం చెప్పను. వెనక నుంచి వాటేసుకున్నాను. "వదులు, సూది గుచ్చుకుంటుంది" అని విదిలించుకుంది. మా ఆయనేడని అడిగితే, అప్పుడే డ్యూటీకి వెళ్లాడంది.

కానీ నా గుండె కుదుటపడితే కదా! తోడు రోజులో చూసినవి కొన్ని తర్వాత అచ్చంగా అలాగే జరుగుతున్నాయి, కొన్ని జరగడం లేదు. మా ఆయన కలలో టైరు పేలితే మర్నాడు అదే మలుపులో నిజంగానే పేలింది. అందుకని ముందు స్టూలు తీసుకెళ్లి మెడికల్ షాపులో పెట్టొచ్చాను. లైనింగ్ నేనే బల్ల మీదికెక్కి దించాను.

"నా స్టూలేదే?"

"మెడికల్ షాపాయన అడిగితే ఇచ్చాను."

"ఆయనకెందుకు? ఆయన నిచ్చెనంత పొడుగున్నాడు!"

"అడిగాడు, ఇచ్చాను. మీరు కూర్చుని కుట్టుకోండి."

ఆ రోజంతా ఆవిడ్ని కంటికి రెప్పలా కనిపెట్టుకున్నాను. కత్తెర అందుకోబోతే నేనే అందించాను. గుమ్మం దిగబోతే చెయ్యి పట్టుకున్నాను. బాత్రూముకి వెళితే తలుపు బయట నిలబడి పిలుస్తూనే ఉన్నాను. "ఉన్నానే తల్లీ, ఉన్నాను!" అని లోపల్నుంచి కేకలేసింది. ఎందుకో చెప్పలేను కదా, ఊరి మర్యాద ఒకటి ఏడిసింది. పైగా 'నిన్న మీరు పోయారు' అని ఎలా చెప్పను?

భోజనాలయ్యాక, సరిగ్గా నేను గుండీలకి వెళ్లిన వేళకి, ఆవిడ కుర్చీ జరుపుకుని దాని మీదికి ఒక కాలు ఎత్తింది. పై అరలో సుద్ద డబ్బా కావాలట.

"దిగండి!" అని అరిచాను. ఎంత గట్టిగా అరిచానో, వీధిలో పోయేవాళ్లు ఆగి చూశారు. "ఒక్కచోట కూర్చోలేరా? మీ వయసెంత, మీ ఎక్కుడేమిటి? నోరు మూసుకుని ఆ మిషను ముందు కూర్చోండి!"

అత్తయ్య కాలు కిందికి దించింది. ఇన్నేళ్లలో నేనావిడ మీద అలా నోరు చేసుకోలేదు. కళ్లజోడు తీసి చీరచెంగుతో తుడుచుకుంది. "ఈ షాపు నేను పెట్టిందే. నాకే కూర్చోడం, లేవడం నేర్పుతున్నావు" అంది చిన్న గొంతుతో. తర్వాత మాట్లాడలేదు. మాట్లాడకపోతే మానె, బతికుంటే చాలు అనుకున్నాను.

కత్తిరింపు బల్ల మీది ఎండ నెమ్మదిగా గోడెక్కింది. ఆ వేళ దాటిపోయింది. ఏమీ కాలేదు. నా నెత్తి మీంచి పెద్ద మూట దించినట్టయింది. టీ పెట్టి తెచ్చి ఆవిడ పక్కనే కూర్చున్నాను.

"అరిచినందుకు ఏమీ అనుకోకండి అత్తయ్యా. ఇవాళ నా బుర్ర సరిగ్గా లేదు."

అలక తీరలేదు కానీ గ్లాసు అందుకుంది. రెండు గుక్కలు తాగి, చిన్నపిల్లలా మొహం పక్కకి తిప్పుకుని అంది: "పోనీలే. నేనూ నీ మాట వినలేదు. సరికి సరి. నిన్న నీ ఏప్రన్ దారం పీకేశాను."

"ఏ దారం?"

"ఆ ఆకుపచ్చది. నువ్వు ఇస్త్రీ చేస్తున్నావు, నా మొహం ముందే వేలాడుతోంది. ఎంతకని ఊరుకోను? ఒట్టు పెట్టావని గుర్తుంది. కానీ చెయ్యి వినలేదే."

ముందు ఒళ్లు మండింది. ఇంత చెప్పినా పీకుతారా అని నోరు తెరిచాను. తెరిచిన నోరు తెరిచినట్టే ఉండిపోయింది.

ఆకుపచ్చ దారం నేను వేసింది నిన్న. ఆ నిన్న ఉత్తి కలే అయితే, ఆకుపచ్చ సంగతి ఈవిడకెలా తెలుస్తుంది? నా కలలో వేసిన కుట్టు నాకు తప్ప ఎవరికీ తెలియదు. పోనీ ఆ నిన్న నిజమే అయితే, ఈవిడ ఇక్కడ ఉండనే ఉండదు. ఎలా చూసినా, నా ఎదురుగా టీ తాగుతున్న మనిషి నా బుర్రలోంచి వచ్చిన మనిషే. ఇవాళే తోడు రోజు. మరి నిన్న? కల కాబట్టి కుట్టు లేకుండా పోయిందా, అత్తయ్య నిజంగానే పీకిందా? ఇస్త్రీ బల్ల దగ్గర ఏప్రన్ లాగినట్టయింది గుర్తొచ్చింది. పీకి ఉంటే, ఆస్పత్రీ నిజమే, ఆటోలో నా ఒళ్లో పెట్టుకున్న తలా నిజమే. పీకకపోతే, వరసగా రెండు తోడు రోజులు వచ్చాయి, అసలు అత్తయ్య ఇంట్లో హాయిగా గురక పెట్టి నిద్రపోతూ ఉండాలి. ఏది? లెక్క ఎటు వేసినా తెగలేదు. లేచి చూస్తే తప్ప తెలియదు. లేవడానికి మాత్రం నేను సిద్ధంగా లేను.

"ఏమే, అలా నీలుక్కుపోయావేం? ఒక్క దారానికే?"

ఊరి మర్యాద మంటగలిసిపోనీ అనుకున్నాను. ఆవిడ మోకాళ్ల మీద తల పెట్టి, మొత్తం చెప్పేశాను. స్టూలు, లైనింగ్, డాక్టరు తల ఊపడం, మీ అబ్బాయి గోడకానుకుని కూలబడడం, అన్నీ. చెబుతూ వెక్కి వెక్కి ఏడ్చాను.

అత్తయ్య నా జుట్టులో చెయ్యి పెట్టి, అక్కడేదో నూలుపోగు ఉంటే తీసింది.

"లైనింగ్ దించానా?" అంది.

"దించారు. మీ మీదే పడింది."

"చిరిగిందా?"

"లేదు."

"హమ్మయ్య. అది మళ్లీ దొరికే రకం కాదు." తీసిన పోగుని తన మిషను మెడకి చుట్టింది. "మరి పోయిన మనిషిని పట్టుకుని ఇవాళంతా అలా తిట్టావేమే? నోరు మూసుకో అన్నావు కూడా!"

ఏడుపులో నవ్వొచ్చింది నాకు. ఆవిడా నవ్వింది. బయట వెలుగు తగ్గుతోంది. నాకు కళ్లు బరువెక్కుతున్నాయి. తోడు రోజులో నిద్ర అలాగే వస్తుంది, ఆపుదామన్నా ఆగదు.

"నేను పడుకోను" అన్నాను. "మీరు ఏదో ఒకటి మాట్లాడుతూ ఉండండి. నేను పడుకోను."

"పిచ్చిదానా, పడుకోకపోతే ఎలా? నువ్వు చెప్పిందే నిజమైతే వాడక్కడ ఒంటరిగా కూర్చుని ఉంటాడు. వాడికి అన్నం పెట్టుకోవడం కూడా రాదు. లే, వెళ్లు."

"మీరో?"

"నాకీ లంగాలున్నాయిగా. రేపు స్కూలువాళ్లు వస్తారు."

ఆవిడ మిషను పక్కనే ఉన్న బల్ల మీద ఒరిగాను. ఆవిడ లైటు వేసి, కళ్లజోడు సర్దుకుని, కుట్టడం మొదలుపెట్టింది. ఆ చప్పుడు వింటూనే ఉన్నాను.

చప్పుడు ఆగిపోయాక మెలకువ వచ్చింది. మంచం మీద ఉన్నాను. తెల్లవారింది. ఇల్లంతా నిశ్శబ్దంగా ఉంది.

షాపు గుమ్మంలో మా ఆయన నిన్నటి యూనిఫారంతోనే కూర్చుని ఉన్నాడు. నన్ను చూసి, "నీకూ కలేనా? అమ్మ ఉందా నీ కలలో?" అన్నాడు. ఊరి మర్యాద ఆయనకీ గుర్తు లేదు. ఉందన్నాను. ఆయన నా పొట్టకి తల ఆనించి ఏడ్చాడు. స్టూలు పక్కకి పడే ఉంది. లైనింగ్ గుమ్మం దాకా పరుచుకునే ఉంది. అత్తయ్య మిషను మెడకి, ఆవిడ పీకిన పోగులన్నీ చుట్టిపెట్టే చోట, పైన ఆకుపచ్చ పోగు ఉంది. నిజంగానే పీకింది.

ఆ రోజు ఎలా గడిచిందో చెప్పను, మీకు తెలిసిందే. అది అసలు రోజు.

ఇప్పుడు నేను ఏప్రన్‌కి కుట్టు వేయడం మానేశాను. అవసరం లేదు. పొద్దున కళ్లు తెరవకుండానే తెలిసిపోతుంది. మిషను చప్పుడు వినిపించకపోతే అసలు రోజు. లేచి మా ఆయనకి అన్నం కట్టి, ఒక్కదాన్నే షాపు తెరుస్తాను. చప్పుడు వినిపిస్తే తోడు రోజు. ఆవిడ లేని తోడు రోజు నాకింతవరకు రాలేదు. "ఏమే, ఇంకా లేవలేదా?" అని అరుస్తుంది. లేచి వెళతాను. ఏప్రన్ అంచు చూసి, "హమ్మయ్య, ఇప్పటికి మనిషిలా ఉన్నావు" అంటుంది. సాయంత్రం దాకా కుడతాం, పోట్లాడుకుంటాం, టీ తాగుతాం.

స్టూలు మాత్రం ఎక్కనివ్వను.